సాంతో జాడీ

పెట్రోనా ఇంటి వెనక కొట్టంలో గోడ పొడుగునా జాడీలే. కోడలు ఎడ్నలిన్ రోజుకు ఎన్నిసార్లో ఆ కొట్టంలోకి వెళ్తుంది, వస్తుంది. కాని మూలనున్న ఒక్క జాడీ దగ్గరికొచ్చేసరికి మాత్రం, తగవుపడ్డ చుట్టం ఎదురైనట్టు మొహం పక్కకు తిప్పుకుంటుంది. దాని మూతికి మైనపు గుడ్డ కట్టి, పైన పళ్ళెం బోర్లించి, చుట్టూ బంకమన్ను మెత్తి ఉంది. ఇంట్లోనూ ఇరుగుపొరుగునా దాన్ని సాంతో జాడీ అంటారు. సాంతో అంటే ఎడ్నలిన్ మొగుడు క్రిసాంతో. అతను సముద్రంలోంచి ఆఖరిసారి తెచ్చిన పొట్టు రొయ్యలు అందులో ఉన్నాయి. రేపటికి అతను పోయి ఏడాది.

ఎడ్నలిన్‌కి ఆ జాడీ అంటే భయం. ఆ రొయ్యల్లో తను ఉప్పు వేసిందో లేదో ఆమెకు గుర్తులేదు.

లింగాయెన్ సముద్రపు ఒడ్డున పుట్టిన మనిషికి ఇది చిన్న మాట కాదు. అలమాంగ్ అనే ఆ రొయ్య బియ్యపు గింజంత ఉంటుంది. తుఫాన్లు వెనకబట్టాక గులాబీ మబ్బులా ఒడ్డుకొస్తుంది. తెచ్చిన పూటే మూడు పాళ్ళ రొయ్యకి ఒక పాలు ఉప్పు కలిపితే నెలా రెండు నెలలకి ఊరి బగోంగ్ అవుతుంది. వంకాయ కూరకీ అదే, పచ్చి మామిడికాయ నంజుకోవడానికీ అదే, ఏమీ లేని రోజున వట్టి అన్నానికీ అదే. ఉప్పు పడిందా, ఏళ్ళ తరబడి ఉంటుంది. పడలేదా, మధ్యాహ్నం దాటకుండా కుళ్ళు మొదలవుతుంది. ఉప్పు మరిచిపోయిన ఆడదాన్ని ఆ వాడలో పిల్లకు పాలివ్వడం మరిచిపోయినదాన్ని చూసినట్టు చూస్తారు.

ఆ రోజు పొద్దున సాంతో మొదటి గంప తెచ్చి పెరట్లో వెడల్పాటి తొట్టిలో గుమ్మరించాడు. నిలబడే కాఫీ తాగాడు. "ఎండెక్కకముందే ఉప్పు కలిపెయ్. మొగ దగ్గర ఇంకా ఉంది, ఇంకో గంపెడు తెస్తా," అన్నాడు. రెండు వెదురుగడల తోపుడు వల భుజానేసుకుని వెళ్ళిపోయాడు. పైనెక్కడో కురిసిన వానలకి ఏరు ముంచుకొచ్చి, అది సముద్రంలో కలిసే మొగలో ఇసుక కోసుకుపోయి గుంటపడిందని అతనికి తెలియదు. నడుంలోతు నీళ్ళనుకుని వల నెట్టుకుంటూ పోయినవాడు ఆ గుంటలోకి పోయాడు.

బల్ల మీద అతని తడి లాగు అచ్చు మిగిలి ఉండటం ఎడ్నలిన్‌కి గుర్తుంది. ఆ తరువాత గుర్తున్నది పక్కింటి మిలాగ్రోస్ తన భుజాలు పట్టుకుని కూచోవడం, హాల్లో తలుపుచెక్క మీద సాంతో పడుకుని ఉండటం. నడుమ సగం రోజు లేదు. ఎంత తవ్వుకున్నా లేదు. శవాన్ని సాగనంపి వచ్చాక చూస్తే తొట్టి కడిగి బోర్లించి ఉంది, మూలన మన్ను మెత్తిన జాడీ ఉంది. ఎవరెత్తారో ఆమె అడగలేదు. ఆ రోజు ఇంటినిండా జనం. ఉన్నదున్నట్టు ఎవరో జాడీకెత్తి మూసేసి ఉంటారనుకుంది. అడిగితే, ఏం, నువ్వు ఉప్పెయ్యలేదా అంటారు.

శవం దగ్గర ఎడ్నలిన్ కంట తడి పెట్టలేదు. దానికి వాడంతా ముక్కున వేలేసుకుంది. వచ్చినవాళ్ళకి కాఫీలందించింది, బిస్కెట్లు పంచింది, మిగిలిన గ్లాసులు కడిగింది. మొగుడి మీద ప్రేమ లేదన్నారు కొందరు. ఇంకో మనువు మీద చూపుందన్నారు ఇంకొందరు, పనిలేనివాళ్ళు. అదేం కాదు. ఆమెకు ఏమీ తెలియడం లేదు, అంతే. లోపల మొద్దుబారిపోయింది. కొన్నాళ్ళకి నాలుక కూడా అలాగే అయింది. అన్నం తింటే అన్నమని తెలియదు, మిరపకాయ కొరికినా మంట తెలియదు. రోడ్డున పోయే బస్సుల్లో జనం ముక్కులు మూసుకునేటంత వాసన ఆ పెరట్లో. ఆమెకు అదీ అందడం లేదు. అయినా పని ఆపలేదు. ఎండు రొయ్యలు తడికెల మీద ఆరబోసింది, తిరగేసింది, తూకం వేసి అమ్మింది. బగోంగ్ పాళ్ళు చేతి లెక్కతో కలిపింది. రుచి చూడాల్సి వచ్చినప్పుడు మిలాగ్రోస్‌ని పిలిచి చూపించింది, తనకి జలుబని చెప్పి. ఏడాది పొడుగునా జలుబేమిటని మిలాగ్రోస్ కూడా అడగలేదు, మంచి మనిషి.

పెట్రోనా అలాంటి మనిషి కాదు. ఆమె నోట్లో నువ్వుగింజ నానదని పేరు. పంది గోడ దూకినా కోడలిదే తప్పు, తడికె తడిసినా కోడలిదే తప్పు. "ఉప్పూ కారం తినే మనిషివేనా నువ్వు? ఒక మాటంటే ఉలకవు, పలకవు," అని రోజూ ఏదో ఒక వేళ దులిపేది. ఎడ్నలిన్ అన్నీ వినేది. అత్త తిట్టడం ఆమెకు పెద్ద బాధేం కాదు. బాధపడటానికి లోపల ఏదో ఒకటి కదలాలి కదా.

కాని ఒక సంగతి మాత్రం ఆమెను వదల్లేదు. అన్నిటికీ నోరు చేసుకునే పెట్రోనా ఆ జాడీ ఊసు ఏడాదిలో ఒక్కసారీ ఎత్తలేదు. పక్కనుంచే పోయేది, పైన దుమ్ము దులిపేది, పెదవి విప్పేది కాదు. ఎడ్నలిన్‌కి అర్థమైంది ఒక్కటే. ముసలిదానికి తెలుసు. లోపల కుళ్ళిందని తెలుసు. సమయం చూసి నలుగురిలో మూత తీద్దామని దాచి ఉంచింది.

ఆ సమయం రానే వచ్చింది. ఏడాది దుఃఖం దించుకునే రోజుకి ముందురోజు పెట్రోనా చర్చికి వెళ్ళి, ప్రార్థన చదివే ఆవిడతో మాట్లాడి, బెల్లపు బియ్యం రొట్టెలకి కొబ్బరికాయలు మోసుకుని వచ్చింది. రేపు నల్లబట్టలు విప్పేస్తారు. సాంతో ఫొటో ముందు అతని పళ్ళెం పెడతారు. దాన్లో అతనికి ఇష్టమైనవన్నీ ఉండాలి. కాల్చిన వంకాయ, పచ్చి మామిడికాయ, చేత్తో చిదిమిన టమాటా కలిపిన బగోంగ్. పోయినవాడు ఆ ఒక్క పూట వచ్చి తిని వెళ్తాడని అందరి నమ్మకం. ఆ పళ్ళెం దగ్గర ఎవరూ చిన్న పొరపాటు కూడా రానివ్వరు.

"సాంతో జాడీ తెరువు," అంది పెట్రోనా, కొబ్బరికాయలు దించుతూ.

ఎడ్నలిన్ తడికె మీద రొయ్యలు తిరగేస్తోంది. చెయ్యి ఆగలేదు. "గుమ్మం పక్కన జాడీ బాగా ఊరింది, ఇనాంగ్. అది తీస్తాను," అంది. అమ్మనైనా అత్తనైనా అక్కడ ఇనాంగ్ అనే పిలుస్తారు.

"అది ఊళ్ళోవాళ్ళు తెచ్చిన రొయ్య. వాడు తెచ్చింది ఇంట్లో పెట్టుకుని, వాడికి ఊరివాళ్ళది పెడతావా?"

"రెండూ ఒకటే కదా."

"నీకు అన్నీ ఒకటే. చెప్పింది చెయ్యి," అని పెట్రోనా కొబ్బరి తురమడానికి లోపలికి పోయింది.

ఎడ్నలిన్ తడికె దగ్గరే నిలబడింది. భయపడుతున్నానా అని తనను తాను అడిగి చూసుకుంది. భయమంటే గుండె దడదడలాడాలి. ఆడటం లేదు. చెయ్యాల్సిన పని మాత్రం కళ్ళముందు స్పష్టంగా కనిపించింది. సందెవేళకి ముందే జాడీ మూత ఊడగొట్టి, లోపలిది సముద్రంలో పారబోసి, గుమ్మం పక్క జాడీలోది దాంట్లో నింపి, మన్ను మెత్తేయాలి. సాంతోకి తేడా తెలుస్తుందేమో. తెలిస్తే తెలుస్తుంది. కుళ్ళింది పెట్టడం కంటే అది నయం. నీ పెళ్ళాం నువ్వు చెప్పిన ఆఖరిమాట కూడా చెవిన పెట్టలేదురా అని నలుగురిలో అతనికి చూపించడం కంటే నయం.

మిలాగ్రోస్ మామిడికాయలు తెచ్చింది, ముంగిట్లో కూచుని ఇద్దరూ కాసేపు చెక్కు తీశారు. ఉన్నట్టుండి మిలాగ్రోస్ ఆమె చెయ్యి పట్టుకుంది. చూపుడువేలు కోసుకుపోయి, నెత్తురు కాయ మీంచి కారి చాప మీద పడుతోంది. తెలియలేదా పిల్లా అని అడిగింది మిలాగ్రోస్. తెలియలేదంది ఎడ్నలిన్. నిజంగానే తెలియలేదు. మిలాగ్రోస్ తన తలగుడ్డ అంచు చింపి కట్టుకట్టి వెళ్ళిపోయింది.

లోపల కొబ్బరి తురుము చప్పుడు వినిపిస్తోంది. ఎడ్నలిన్ చిన్న గునపం తీసుకుని కొట్టంలోకి వెళ్ళింది. మూల జాడీ ముందు మోకాళ్ళ మీద కూచుంది. ఏడాది తరువాత దాన్ని ఎదురుగా చూడటం అదే మొదలు. మన్ను ఎండి బీటలిచ్చింది. గునపం మొన పెట్టి కొడితే పెచ్చు ఊడింది. ఇంకోటి ఊడింది. మూడోది కొట్టబోతుంటే చప్పుడు ఆగిపోయిందని గమనించింది. లోపల కొబ్బరి తురమడం ఆగిపోయింది.

పెట్రోనా గుమ్మంలో నిలబడి ఉంది. గుమ్మం పక్క జాడీ మూత తీసి ఉండటం, కోడలి పక్కన ఖాళీ బకెట్ ఉండటం ఆమె చూసింది. ఈ పనిలో ముసలైన మనిషి, చెప్పకుండానే తెలిసిపోయింది.

"మార్చేద్దామనా?" అంది.

ఎడ్నలిన్ లేవలేదు. అబద్ధం చెప్పడానికి కూడా కొంత ఓపిక ఉండాలి, ఆమెకు అదీ లేదు. "నేను ఉప్పేశానో లేదో నాకు గుర్తులేదు, ఇనాంగ్," అంది. "ఆయన వెయ్యమని చెప్పి వెళ్ళాడు. వేశానో లేదో గుర్తులేదు. కుళ్ళింది ఆయన పళ్ళెంలో పెట్టకండి. నన్ను ఏమన్నా అనండి, అది మాత్రం పెట్టకండి."

పెట్రోనా వచ్చి ఉప్పు బస్తా మీద కూచుంది. ఏడాది నుంచి ఆ కోడలితో మాట్లాడిన గొంతు కాదది.

"నువ్వెయ్యలేదు. నాకు తెలుసు," అంది. "నేనేశాను."

ఎడ్నలిన్ తల తిప్పి చూసింది.

పెట్రోనా నేలకేసి చూస్తూ చెప్పుకొచ్చింది. ఆ రోజు మగాళ్ళు పరిగెత్తుకొచ్చి సాంతో దొరికాడని చెప్పారు, పడుకోబెట్టడానికి చెక్క కావాలన్నారు. చెక్క కోసం ఆమె పెరట్లోకి వచ్చింది. తొట్టి మీద గోనె కప్పి ఉంది. గోడకానుకుని ఎడ్నలిన్ కూచుని ఉంది, పిలిస్తే పలకలేదు. గోనె ఎత్తి చూస్తే రొయ్యల మీద నీళ్ళూరి ఉన్నాయి. పిల్లకి మతి పోయింది, ఉప్పెయ్యలేదు, ఎండకి రొయ్య నీరు విడిచి కుళ్ళబోతోంది అనుకుంది పెట్రోనా. వాడు తెచ్చినదాన్ని పారబొయ్యడానికి చేతులు రాలేదు. కొబ్బరి చిప్పతో ఉప్పు కొలిచి పోసింది, కలిపింది, జాడీకెత్తింది, మన్ను మెత్తింది. ఆ చేతులు కడుక్కోకుండానే వీధిలోకి వెళ్ళింది, కొడుకు వచ్చేశాడు.

"కొడుకు శవం దార్లో ఉంటే, రొయ్యలకి ఉప్పేసుకుంటూ కూచున్న తల్లిని," అంది. "ఈ మాట ఎవరితో చెప్పుకోను? చెబితే నీ మాటా చెప్పాలి. అప్పటికే ఏడవలేదని నిన్ను పీక్కు తింటున్నారు. వాడు తెచ్చింది ఉప్పన్నా చూపించకుండా వదిలేసిందని తెలిస్తే బతకనిస్తారా? అందుకని నోరు మూసుకున్నా."

నోట్లో నువ్వుగింజ నానని మనిషి ఏడాది పాటు మింగి కూచున్న మాట అది. ఎడ్నలిన్ విన్నది. వినడానికి బాగుంది. కుళ్ళలేదు, సాంతో పళ్ళేనికి ఏ లోటూ రాదు. కాని తను వెయ్యలేదన్నమాట. అతను చెప్పి వెళ్ళాడు, తను వెయ్యలేదు. అది కూడా రాయి నీళ్ళలో మునిగినట్టు లోపలికి వెళ్ళిపోయింది, ఏ చప్పుడూ లేకుండా.

"తియ్యి," అంది పెట్రోనా. "ఎలా ఊరిందో చూద్దాం."

ఇద్దరూ కలిసి మిగిలిన మన్ను ఊడగొట్టారు. పళ్ళెం తీశారు. మైనపు గుడ్డ ముడి విప్పారు. ఎడ్నలిన్‌కి వాసన తెలియదు కనక అత్త మొహంలోకి చూసింది. పెట్రోనా ముక్కు దగ్గర పెట్టి పీల్చింది, మొహం మారలేదు. లోపల ముదురు గులాబీ రంగులో నున్నగా ఉంది, కళ్ళపడగానే మంచిదని తెలిసేటట్టు. పెట్రోనా వేలితో కాస్త తీసి నాలుక మీద వేసుకుంది.

వెంటనే ఉమ్మేసింది.

"ఉప్పుకషాయం," అంది. మళ్ళీ ఇంకొంచెం తీసుకుంది, ఇంకాస్త అడుగునుంచి. మళ్ళీ ఉమ్మేసింది. జాడీకేసి చూసింది, ఉప్పు చిప్పకేసి చూసింది. కొలత తప్పే చెయ్యి కాదు ఆమెది, కన్నీళ్ళతో కొలిచినా తప్పదు. "ఆ నీళ్ళు," అంది నెమ్మదిగా. "ఆ నీళ్ళు..."

పుట్టినప్పటి నుంచీ ఆమె చూస్తున్నది అదే. ఉప్పు కలిపి కాసేపు వదిలేస్తే రొయ్య నీళ్ళు వదులుతుంది. ఏ పిల్లనడిగినా చెబుతుంది. ఆ ఒక్కరోజు మాత్రం ఆ నీళ్ళను చూసి కుళ్ళనుకుంది. ఒక్క చుక్క నాలుక మీద వేసుకుని ఉంటే తెలిసేది, కాని రుచులు చూసే రోజా అది?

పెట్రోనా కోడలి వైపు తిరిగింది. "నువ్వు వేశావే పిల్లా," అంది. "నాకంటే ముందే వేశావు. కలిపి, గోనె కప్పి, అప్పుడు కూచున్నావు. వాడు చెప్పినట్టే చేశావు. నేను పోసింది దాని మీద రెండోసారి."

"నేను వేశానా?"

"వేశావు. నీది నీ పాలు, నాది నా పాలు. ఇంత ఉప్పు ఒక చేతిది కాదు."

ఎడ్నలిన్ నమ్మలేదు. నమ్మడానికి తన దగ్గర ఏమీ లేదు, ఆ పొద్దుటి ముక్కేదీ తిరిగి రాలేదు. కట్టు విప్పేసి జాడీలోకి చెయ్యి పెట్టింది, ఒక వేలితో కాదు, మణికట్టు దాకా. తీసి నాకబోయింది. చెయ్యి నోటిదాకా పోలేదు, నడుమలో ఆగిపోయింది.

"మండుతోంది," అంది.

"ఏంటి?"

"వేలు."

పెట్రోనా ఆ చెయ్యి పట్టుకుని చూసింది. కోసుకున్న చోట ఉప్పు పడి ఎర్రగా ఉబ్బింది. కడుక్కోమని ఆమె అనలేదు. ఎడ్నలిన్ చెయ్యి వెనక్కి తీసుకోలేదు కూడా. అలాగే పట్టుకుని ఇద్దరూ కొట్టంలో కూచున్నారు. ఏడిచింది పెట్రోనా. కొడుకు పోయినప్పుడు పదిమందిలో గుండెలు బాదుకుని ఏడిచింది, అది వేరు. ఇప్పుడు చప్పుడు లేకుండా, తలగుడ్డ నోట్లో కుక్కుకుని ఏడిచింది. ఎడ్నలిన్‌కి ఏడుపు రాలేదు. వేలు మాత్రం మండుతోంది, అదొక్కటే తెలుస్తోంది ఆమెకి. అది ఎక్కడ ఆగిపోతుందోనని కంగారుగా ఉంది.

చివరికి పెట్రోనా ముక్కు తుడుచుకుని మళ్ళీ మామూలు మనిషైంది. రేపు వాడి పళ్ళెంలో ఇదే కాస్త పెట్టి టమాటా ఎక్కువ చిదుమాలంది. "ఎటూ నీ చేతిలో ఉప్పు చాలదని సణిగేవాడు కదా. ఈ ఒక్క పూటా సణగడు," అంది. మిగిలినదాన్ని బాగుచెయ్యాలంటే దారి ఒకటే, అంతకంత కొత్త రొయ్య కలపాలి. నీళ్ళు వెనక్కి తీశాయి, ఒడ్డున రొయ్య ఉందని పొద్దున్నుంచీ చెప్పుకుంటున్నారు. చీకటి పడకముందే పోవాలి.

సాంతో తోపుడు వల కొట్టం దూలాల మీదే ఉంది. అతనితో పాటే దొరికిన దాన్ని మగాళ్ళు తెచ్చి అక్కడ పెట్టినప్పటి నుంచీ ఎవరూ ముట్టుకోలేదు. పెట్రోనా బల్ల ఎక్కి అందుకోబోతే, ఎడ్నలిన్ దింపింది. అతను పోయాక ఆమె సముద్రంలో కాలు పెట్టలేదు. ఒడ్డున నడిచేటప్పుడు కూడా తడి ఇసుకకి ఎడంగా నడిచేది.

మొగ వైపు పోలేదు, దానికి దూరంగా పడవలు లాగి పెట్టుకునే చోటికి వెళ్ళారు. నేను నెడతాను, నువ్వు గంప పట్టుకో అంది పెట్రోనా. ఎడ్నలిన్ వినిపించుకోలేదు. వెదురుగడలు పట్టుకుంటే సాంతో అరచేతులకి అరిగిన చోటు తన చేతుల కంటే వెడల్పుగా ఉంది. నీళ్ళలోకి దిగింది. మోకాళ్ళు చల్లబడ్డాయి. నల్ల పావడా తొడలకి అంటుకుంది. నడుందాకా వచ్చాక వంగి, వల నేలకి ఆనించి నెట్టింది. వెనకాల పెట్రోనా గంప ఎత్తి పట్టుకుని, మెల్లిగా, ఎడమకి, గడ వంచకు అని చెప్తూనే ఉంది, ఊపిరి తీసుకోకుండా. ఇంకెప్పుడైనా అయితే తిట్లనుకునేది ఎడ్నలిన్.

గంప నిండటానికి చాలా తిరగాల్సి వచ్చింది. తెచ్చి ఆ పాత తొట్టిలోనే పోశారు. పైన సాంతో జాడీ వంచారు. ముదురు గులాబీ, లేత గులాబీ రెండూ తొట్టిలో పక్కపక్కన నిలిచాయి. ఎడ్నలిన్ మోకాళ్ళ మీద కూచుంది. అలవాటు కొద్దీ చెయ్యి ఉప్పు బస్తాలోకి పోయింది, కొబ్బరి చిప్ప నిండా తీసింది.

పెట్రోనా ఆమె మణికట్టు పట్టుకుంది.

"ఉప్పొద్దే," అంది. "ఇద్దరం వేశాం కదా."

ఎడ్నలిన్ చిప్ప మళ్ళీ బస్తాలో వంచేసింది. వట్టి చేతులతో అడుగుదాకా దోసిలి పెట్టి కలపడం మొదలెట్టింది. వేలు మండుతూనే ఉంది. ఆమె చెయ్యి తియ్యలేదు.